కాలువ కట్టేసిన వేసవిలో గబ్బిలాలు

మా ఊరు పామర్రుకు దగ్గరే. కాలువ కట్ట మీద ఉన్న ఇళ్ల వరసలో మాది చివరిది. మా ఇల్లు దాటగానే నిద్రగన్నేరు చెట్లు కాలువ మీదికి ఒరిగి ఉంటాయి. నేను కాపురానికి వచ్చేనాటికే వాటినిండా గబ్బిలాలున్నాయి. మా ఇంటికి వచ్చిన చుట్టాలు ముక్కు మూసుకునేవారు. మాకు ఆ వాసన తెలిసేది కాదు.

వాటివల్ల మాకు కొంత తిండి కూడా దొరికేది. ఎక్కడెక్కడి బాదం చెట్ల నుంచో కాయలు నోట కరుచుకుని తెచ్చి, ఈ కొమ్మలకు వేలాడుతూ పైకండ నమిలి టెంక కింద పడేసేవి. పొద్దున్నే మా అత్తగారూ నేనూ గంపతో వెళ్లి ఏరుకొచ్చేవాళ్లం. ఎండబెట్టి రాతితో కొడితే సన్నటి పలుకు వచ్చేది. పని దొరకని రోజుల్లో అదే మాకు సగం కడుపు. మేము ఏరగా మిగిలినవి వానలకు మొలిచేవి. కట్ట మీదున్న బాదం చెట్లలో మనిషి నాటింది ఒక్కటీ లేదు.

యాభై దాటాక నాకు అక్షరాలొచ్చాయి. ఆ తర్వాత పామర్రు లైబ్రరీలో గబ్బిలాల గురించి ఒక చిన్న పుస్తకం చదివాను. అవి పిల్లల్ని కని పాలు ఇస్తాయని నాకు ముందే తెలుసు, రోజూ చూస్తున్నదే. నోటితో తిని నోటితోనే విసర్జిస్తాయని మా అత్తగారు చెబితే మాత్రం అంతకాలం నమ్మాను. అది అబద్ధమట. ఏడాదికి ఒక్కటే పిల్ల అని కూడా అందులోనే ఉంది. చదివినప్పుడు ముచ్చటగా అనిపించింది, అంతే. దాని బరువు తర్వాత తెలిసింది.

సాయంత్రం అవి నీళ్లు తాగే తీరు చూడాలి. కాలువ మీదికి దిగి, ఎక్కడా ఆగకుండా, రొమ్ము నీటికి తాకించి పోతాయి. కొమ్మకు చేరాక ఆ తడి బొచ్చు నాక్కుంటాయి. అందుకే వాటికి చెట్టు ఎంతో కాలువా అంతే.

ప్రతి వేసవిలో నీళ్లు ఆపి కాలువ కట్టేస్తారు. ఇది డెల్టాలో అందరికీ తెలిసిన సంగతే. పూర్వం కట్టేసినా చెట్ల కింద పల్లాల్లో నడుము లోతు మడుగులు మిగిలేవి. గేదెలకూ గబ్బిలాలకూ అవే ఆధారం. ఈమధ్య యంత్రాలు దింపి అడుగంతా చదును చేశారు, అంచులకు సిమెంటు పోశారు. నీళ్లు వదిలితే బాగా పారుతున్నాయి. కట్టేస్తే చుక్క మిగలడం లేదు. ఆ పైన కరెంటు తీగలకు అడ్డమని చెట్ల కొమ్మలు నరికారు. గబ్బిలాలు మిగిలిన కొమ్మల మీదికి సర్దుకున్నాయి. ఎండ మాత్రం సూటిగా వాటి మీదే పడేది.

ఆ ఏడు రోహిణి కార్తెకు ముందే వడగాడ్పులు మొదలయ్యాయి. మధ్యాహ్నం చెట్లకేసి చూస్తే ఒక్కటీ నిద్రపోవడం లేదు. అన్నీ రెక్కలతో విసురుకుంటున్నాయి. మర్నాటికి విసరడం మానేసి, నోళ్లు తెరుచుకుని, రెక్కలను ఉమ్మితో తడుపుకుంటున్నాయి. తల్లుల రొమ్ములకు పిల్లలు కరుచుకుని ఉన్నాయి. కొన్ని కొమ్మలు వదిలేసి, మాను నీడ కోసం ఒకదాని మీద ఒకటి పాకుతూ కిందికి వచ్చాయి. అంత కిందికి రావడం నేనెన్నడూ చూడలేదు. మొదటిది నా కళ్లముందే పడింది, పండు పడ్డట్టు.

లాకుల దగ్గర పనిచేసే లస్కరు నాకు మరిది వరస. షట్టర్లు ఎత్తడం, దించడం అతని పని. ఎండలోనే అతని దగ్గరికి వెళ్లాను. గదిలో బనీనుతో కూర్చుని మజ్జిగ తాగుతున్నాడు.

“ఏంటొదినా, ఈ ఎండలో? పైకి పోదామనే?”

“ఆ షట్టరు జానెడు ఎత్తు అబ్బాయ్. గబ్బిలాలు చచ్చిపోతున్నాయి.”

“గబ్బిలాలకా! మనుషులకే నీళ్లు లేవురా దేవుడా అంటుంటే.”

“మనుషులకి ట్యాంకర్లొస్తున్నాయిగా.”

“వాటిక్కూడా తెప్పిస్తాలే. వీధీ, ఇంటి నంబరూ చెప్పమను. ఏ చెట్టు, ఎన్నో కొమ్మ?”

“వేళాకోళాలాడకు. పిల్లల తల్లులయ్యా అవి.”

అతను గ్లాసు కింద పెట్టి లేచాడు. నన్ను షట్టరు దగ్గరికి తీసుకుపోయి అవతలి వైపు చూపించాడు. అక్కడా బీటలే.

“ఎత్తితే రావటానికి నీళ్లేయి ఒదినా? బెజవాడలో బ్యారేజీ దగ్గిర వదిలితేగానీ ఇక్కడికి చుక్క రాదు. మంచినీళ్ల చెరువులు నింపటానికి వదుల్తారంట. రేపో, ఎల్లుండో. నా చేతిలో ఏవుంది చెప్పు? ఈ ఇనప చక్రం తప్ప.”

ఎల్లుండి దాకా వాటిని ఎలాగో నిలబెడితే చాలనుకున్నాను. ఇంటికొచ్చి గోనె సంచులు తడిపి చెట్ల మానులకు చుట్టాను. పక్కింటి కోడలు చంటిబిడ్డను ఉయ్యాల్లో వేసి వచ్చి, మోటారు వేసి, పైపు నా చేతికిచ్చింది. “కొట్టండి పెద్దమ్మా, కరెంటున్నంతసేపూ కొట్టండి,” అంది. నీళ్ల ధార నడిమి కొమ్మల దాకా అందింది. తడిసినవి రెక్కలు విప్పి నాక్కున్నాయి. సంచుల దగ్గరికి ఒక తల్లి పాకి వచ్చి, నేను పక్కనే ఉన్నా లెక్కచేయకుండా నీళ్లు చప్పరించింది. పైకొమ్మలకు మాత్రం ఏ నీళ్లూ అందలేదు. కాసేపటికి కరెంటు పోయింది.

మర్నాడు మధ్యాహ్నం అవి రాలిపోయాయి. ఒకటి తర్వాత ఒకటి కాదు, గాలివాన కాయలు రాల్చినట్టు. చాలావాటి రొమ్ముల మీద పిల్లలు బతికే ఉన్నాయి. ఒకదాన్ని విడదీసి తడిగుడ్డలో చుట్టాను. దాని ముఖం కుక్కపిల్ల ముఖంలా ఉంటుంది, అంతే పెద్ద కళ్లు. గేదె పాలలో నీళ్లు కలిపి వత్తితో పెడితే కాస్త మింగింది. నా చీర కుచ్చిళ్లు పట్టుకుని వేలాడింది. అలా వేలాడుతూనే ఎప్పుడో చచ్చిపోయింది. కుచ్చిళ్లలోంచి దాని గోళ్లు విడదీయడానికి నాకు చాలాసేపు పట్టింది.

అప్పటికే ఊరు వచ్చేసింది. ఇంతకు ముందు అందరినీ ఇళ్లలో కూర్చోబెట్టిన ఆ రోగం గబ్బిలాల నుంచే వచ్చిందని అందరూ విని ఉన్నారు. పంచాయతీ తరఫున ఒక పెద్దాయన మనుషుల్ని తీసుకొచ్చాడు.

“రోగం అమ్మా ఇది. ఎండకు చచ్చేవైతే కాకులెందుకు చావలేదు?” అన్నాడు.

“కాకి నీడ వెతుక్కుపోద్ది బాబూ. ఇవి చెట్టు వదలవు.”

“ఊళ్లో ఎవరికన్నా జ్వరం తగిలితే నువ్వు పూచీ పడతావా?”

నేను పక్కింటి కోడలి వైపు చూశాను. నిన్న పైపు అందించిన మనిషి, ఇవాళ బిడ్డను కొంగులో దాచుకుని గుమ్మంలోనే నిలబడింది. “పెద్దమ్మా, మీకైతే అవి ముద్దు. నాకు వీడున్నాడు,” అంది. ఆమెను ఏమనగలను?

పాతిపెట్టమన్నాను. అదే కుదరలేదు. కట్ట మీద ఎవరూ గొయ్యి తవ్వరు. ఎలక బొరియ కనిపించినా మట్టి కూరే మనుషులం మేము. ఒకసారి తవ్విన చోట నీళ్లొచ్చినప్పుడు గండి పడుతుంది, ఊరు మునుగుతుంది. కట్టకు అవతల ఎవరి పొలం వాళ్లది, చచ్చినవాటిని ఎవరూ తమ చేలో పూడ్చనివ్వరు. చేతులతో ఎత్తి దూరం మోసుకుపోవడానికి మనుషులు భయపడ్డారు. అందుకని పారలతో చెట్ల కిందికే నెట్టి కుప్పలు పోశారు. ఎండుగడ్డి పరిచారు. పాత టైర్లు వేశారు.

“పైన ఇంకా బతికున్నయ్యి ఉన్నాయి. చెట్ల కింద వద్దు. రేపటికి నీళ్లొస్తాయి, అవి నిలబడతాయి,” అన్నాను.

“నీళ్లొస్తే ఇయ్యన్నీ తాగే చెరువులోకే పోతాయి. అది కావాలా నీకు?” అన్నాడు ఆ పెద్దాయన. అందులో తప్పేమీ లేదు. అందరి మాటా నిజమే. అదే నన్ను ఇప్పటికీ తొలుస్తుంది.

నిప్పు పెట్టారు. నల్లటి పొగ మానుల వెంట లేచింది. మాను నీడకు దిగి ప్రాణం నిలబెట్టుకున్నవే ముందుగా లేచాయి. తర్వాత మొత్తం గుంపు. పట్టపగలు, ఆ ఎండలోకి. కట్ట మీద ఒక్కసారి నీడ పడింది, ఆ వేసవిలో మేము ఎరిగిన మబ్బు అదొక్కటే. అవి తిరిగి వాలాలని చూశాయి, పొగ వాలనివ్వలేదు. కాలువ వెంట ఎగిరాయి. అలవాటు కొద్దీ కిందికి దిగి, నీరు ఉండే చోట రొమ్ము తాకించబోయి, ఎండిన సిమెంటుకు కొట్టుకున్నాయి. నేను చూశాను. ఇది ఎవరికి చెప్పినా నమ్మడం లేదు.

నీళ్లు చెప్పినట్టే వచ్చాయి. మరిది గట్టు మీంచి కేకేశాడు. “ఒదినా, వచ్చేశాయ్!” అని. పొడుగాటి కొక్కెం కర్రతో, ఎగువన చచ్చిపడి కొట్టుకొచ్చి షట్టరుకు అడ్డం పడ్డ గబ్బిలాలను లాగి ఒడ్డున వేస్తూ ఉన్నాడు. నేను వాటిని గంపలోకి ఎత్తాను. అతను ఒక్క వేళాకోళం కూడా ఆడలేదు. ఆడితే బాగుండుననిపించింది.

వానలు పడ్డాక ఒక సాయంత్రం చెట్ల మీద ఏదో కదిలింది. ఓ పది దాకా ఉంటాయేమో, గబ్బిలాలు తిరిగొచ్చాయి. ఎక్కడ తలదాచుకుని బతికాయో తెలియదు. కాలువ నిండుగా పారుతోంది. అవి దిగి, రొమ్ము తడుపుకుని, మొండి కొమ్మలకు వేలాడాయి.

మొదట నా కళ్లు నిండాయి. తర్వాత లెక్క గుర్తొచ్చింది. ఏడాదికి ఒక్కటే పిల్ల. మళ్లీ వేసవి వస్తుంది, మళ్లీ కాలువ కట్టేస్తారు, మడుగులుండవు, కొమ్మలుండవు. ఇంట్లోకి వెళ్లి స్టీలు కంచం, గరిటె తెచ్చి, చెట్టు కింద నిలబడి గట్టిగా వాయించాను.

పక్కింటి కోడలు బయటికొచ్చింది. “హమ్మయ్య, మీరూ మా దారికొచ్చారు పెద్దమ్మా,” అంటూ తానూ ఒక డబ్బా తెచ్చింది. ఇద్దరం కలిసి వాయించాం. ఆమె ఆ బిడ్డ కోసం, నేను వాటి పిల్లల కోసం.

గబ్బిలాలు లేచాయి. కాలువ మీద ఒక చుట్టు తిరిగాయి. తిరిగి అవే కొమ్మల మీద వాలాయి. మళ్లీ వాయించాను. మళ్లీ లేచి, మళ్లీ అక్కడే వాలాయి. నా చేతులు నొప్పి పుట్టేదాకా వాయించాను. అవి పోలేదు.