పేర్లు రాయని చీరలు

మా అక్క లూదియా ఆళ్లగడ్డలో జాకెట్లు కుట్టే మనిషి. ఈమధ్య హైదరాబాదు వాళ్లు ఆర్టిస్టు అంటున్నారు. పని మాత్రం పెద్దగా మారలేదు, అదే సూది, అదే దారం. కాకపోతే చినిగిన చీరలు తీసుకుని, చినుగు మూయకుండా దాని చుట్టూ ఎర్ర దారంతో గుండీ కాజా కుట్టినట్టు కుట్టి, చీరకు చీర కలిపి పైకప్పు నుంచి వేలాడదీస్తుంది. చూడటానికి వచ్చినవాళ్లు వాటి మధ్య నడవాలి. మొదటిసారి నేను సగంలోనే బయటికి వచ్చేశాను. అవన్నీ ఇళ్లలో మగవాళ్లు చించిన చీరలు.

ఆడవాళ్లే తెచ్చి ఇచ్చారు. కొలతలు తీసేటప్పుడు టైలరుకు అన్నీ కనబడతాయి, కమిలిన భుజం, టేపు తగిలితే ఉలిక్కిపడే నడుము. అక్క ఏమీ అడగదు. అడగదు కాబట్టే చెప్పేవాళ్లు. "యాడా పేరు రాయను" అని అందరికీ మాటిచ్చింది.

రుద్రవరం వైపు పల్లె నుంచి నాగజ్యోతి నెమలికంఠం రంగు చీర తెచ్చింది. భర్త హరీష్ అది ఆమె ఒంటి మీద ఉండగానే ఇస్త్రీపెట్టె ఆనించాడు. భుజం దగ్గర ఆ పెట్టె ఆకారంలోనే కాలిన బొక్క. నోరు విప్పితే ఈసారి ముఖం మీద పెడతానన్నాడట.

"ఇది నాదని తెలిస్తే నన్ను బతకనీడక్కా" అంది. అయినా ఇచ్చి వెళ్లింది.

ఈ చీరల ప్రదర్శనకు నంద్యాలలో చర్చి పక్క హాలు మాట్లాడింది నేనే. అక్కడే టీచర్ని కదా. పొద్దున తలుపులు తీయగానే ఆళ్లగడ్డ ఆడవాళ్లిద్దరు వచ్చారు. ఒకామె పసుపు చీర అంచు పట్టుకుని ఆగిపోయింది.

"ఏమే, ఇది ఆదిలక్ష్మమ్మది గదా! తమ్ముని పెండ్లికి కట్టుకున్యాది?"

"అవునే. అయ్యో, ఇట్ల చించినాడా ఆయమ్మ మొగుడు?"

అక్క ముఖంలో నెత్తురు చుక్క లేదు. నాకు ఒళ్లు మండింది. పేరు రాయకపోతే ఎవరికీ తెలియదనుకుందట! ఏ చీర ఎవరిదో, ఏ పెండ్లికి కట్టిందో మన ఆడవాళ్లకు కంఠతా వచ్చునని ఇన్నేళ్లు జాకెట్లు కుట్టిన మనిషికి తట్టలేదు. తిట్టబోయి, ఆ ముఖం చూసి మానుకున్నాను. ఎవరికీ చెప్పొద్దని ఆ ఇద్దరినీ బతిమాలి పంపించాం.

"నాగజ్యోతిది బిన్నా తీసెయ్యాల వందనా, ఇంకెవురూ రాకముందే" అంది అక్క.

తలుపు మూయబోతుంటే గుమ్మంలో నాగజ్యోతి నిలబడి ఉంది. వెంట అత్త ఉమామహేశ్వరమ్మ. పెండ్లి బట్టలకని నంద్యాల వచ్చారట. తన చీరను ఒక్కసారి చూసుకోవాలన్న ఆశతో, ఏదో బొమ్మల ప్రదర్శన అని అత్తను లాక్కొచ్చింది, పిచ్చి మనిషి.

"మీ ఆయన?" అన్నాను గొంతు తగ్గించి.

"కారు పెట్టి వస్తాండాడు."

ఇంతలో ఉమామహేశ్వరమ్మ లోపలికి నడిచి నెమలికంఠం చీర ముందు ఆగింది. కోడలికి ఆమె కొనిచ్చిన చీరే అది. కాలిన బొక్కలో వేళ్లు పెట్టి చుట్టూ తడిమింది. నాగజ్యోతి గోడకు ఆనుకుని కళ్లు మూసుకుంది. ఈమె ఒక్క కేక వేస్తే నాగజ్యోతి పని అయిపోయినట్టే.

ఉమామహేశ్వరమ్మ కేక వేయలేదు.

"కత్తెర యాడుండాది?" అంది.

అక్క కదల్లేదు.

"ఏమ్మే, చెవుడా? బిన్నా కొయ్యి. వాడొస్తాండాడు."

అక్క స్టూలెక్కి కోసింది. ఉమామహేశ్వరమ్మ ఆ చీరను ఉండచుట్టి బట్టల సంచిలో కొత్త చీరల కింద తోసేసరికి హరీష్ లోపలికి వచ్చాడు. తెగిన దారాలు వేలాడుతున్న చోట నిలబడ్డాడు.

"ఈడ ఏముండె?"

అతను కత్తెర వైపు చూశాడు, అక్కను చూశాడు, తర్వాత పెళ్లాం వైపు తిరిగాడు.

"ఏముంటాది నాయనా, పాత గుడ్డలు. నాకు కాళ్లు పీకుతాండాయి, పోదాం పా" అంది తల్లి.

వాళ్లు వెళ్లారు. బట్టల సంచి హరీషే మోసుకుపోయాడు.

మధ్యాహ్నానికల్లా హాలు మూసి, చీరలన్నీ మూటకట్టి ఆళ్లగడ్డ చేరాం. ఇక ఈ చీరలు మనవాళ్ల కంటపడని ఊళ్లోనే కడతానంది అక్క. అన్నం ముట్టలేదు. నాగజ్యోతికి ఫోను చేద్దామంటే, అతనెత్తితే ఏం చెప్పాలని నా చేయి పట్టుకుంది.

ఆదివారం ఉమామహేశ్వరమ్మ బస్సు దిగి ఒక్కతే దుకాణానికి వచ్చింది. అక్క కూర్చోమనడం కూడా మరిచి, "నాగజ్యోతి ఎట్లుందమ్మా?" అంది.

"ఉండాది. వానికి తెలీలా. ఆ చీర పొయ్యిలో పెట్టినా."

చంకలోని పొట్లం తీసి విప్పింది. ముదురాకుపచ్చ నేత చీర, మడతల దగ్గర రంగు పోయింది. నడుము నుంచి కిందిదాకా కొడవలితో కోసినట్టు చీలి ఉంది.

"ఆ ఖాళీలో దీన్ని కుట్టుమ్మా. దీన్ని గుర్తుపట్టే మనిషి ఒగడే, హరీషు వాళ్ల నాయన. ఆయప్ప పోయి శానా ఏండ్లాయ" అంది. ఆ చీలిక రెండంచులూ దగ్గరికి లాగి, "అయినా పెట్టెలోంచి తీసేటప్పుడు తలుపు గడియ పెట్టుకున్యా" అంది.