తదితరుల్లో ఒకరు

2024 మార్చి ఒకటో తేదీ, శుక్రవారం, ఉదయం పది గంటలకు మస్కట్‌లోని మా తెలుగు సంఘం అధ్యక్షులవారు ఫోన్ చేశారు. అల్ ఖువైర్ పేటలో కూతురింటికి వచ్చిన ఒక పాత సినీనటికి వచ్చే శుక్రవారం సన్మానం చేయాలని ఆజ్ఞాపించారు. ఇదే మస్కట్‌లో భవనాలు కట్టే సైట్ల మీద పనిచేసి మా నాన్న నన్ను చదివించారు. మా వంశంలో మొదటి పట్టభద్రుణ్ణి నేనే. కాబట్టి సన్మానపత్రం రాసే గౌరవం నాకు దక్కింది.

వివరాల కోసం ఆ సాయంత్రమే ఆమెను కలిశాను. ఎనభై ఆరేళ్లు. మద్రాసు స్టూడియోల్లో నలభై చిత్రాల పాటు రాణుల వెనుక వింజామర వీచారు. ఆ తర్వాత టీవీ సీరియళ్లలో రెండుసార్లు శవమయ్యారు.

"రెండోసారి తుమ్మొచ్చింది బాబూ. మళ్లీ చావమన్నారు," అని నవ్వారు. తర్వాత నవ్వు ఆపేశారు. "ఒక్కటే అడుగుతాను. టైటిల్స్‌లో ఏనాడూ నా పేరు పళ్ళేదు. ఎప్పుడూ 'తదితరులు'. నీ కాయితంలో ఇంటిపేరుతో సహా రాయి. గోడకి తగిలించుకుంటాను."

రాస్తానని మాట ఇచ్చాను.

దీర్ఘసమాసాలతో నేను రాసిన పత్రంలో అధ్యక్షులవారికి ఒకే ఒక్క లోపం కనిపించింది: కార్యవర్గం పేర్లు లేవు. పదిహేడు మందినీ హోదాల వారీగా చేర్చేసరికి చోటు చాలలేదు. ఒకటి రెండు పేర్లు తగ్గిద్దామంటే అధ్యక్షులవారు ఒప్పుకోలేదు.

"మా ఆవిడ పేరు తీసేస్తావేంటయ్యా? మహిళా విభాగం ఆవిడ! ఆ మామ్మగారి పేరు చూడు, గజం పొడుగుంది. 'సీనియర్ నటీమణి' అని పెట్టు, హుందాగా ఉంటుంది."

హుందాతనం అంటే నాకు కాలేజీ రోజుల నుంచీ గౌరవం. అలాగే పెట్టాను.

సభలో పదిహేడు మందీ శాలువా మీద చేయి వేశారు. దాని కింద ఆమె ఉన్నారని ఫొటో చూసేవారు నమ్మాలి. పత్రం నేనే చదివాను. ఆమె ఫ్రేము అందుకుని, కళ్లజోడు సవరించుకుని, పై నుంచి కింది దాకా వేలితో వెతికారు.

"ఇందులో నేనెక్కడున్నాను బాబూ?"

"రెండో వరుసలో అమ్మా... నటీమణి అని..."

"అది నా పేరు కాదు నాయనా. మద్రాసోళ్లే నయం, తదితరుల్లోనైనా ఉండనిచ్చారు."

మైకు నా చేతిలోనే ఉంది. హాలంతా విని నవ్వింది. అధ్యక్షులవారు చప్పట్లు కూడా కొట్టారు. ఆమె ఫ్రేమును బల్ల మీద బోర్లించి వెళ్లిపోయారు.

ఆదివారం ఆఫీసు అయ్యాక, ఇంటిపేరుతో సహా కొత్త పత్రం అచ్చువేసి పట్టుకెళ్లాను. ఆమె గుమ్మంలోనే నిలబడి తన పేరు ఒకసారి పైకి చదువుకుని, కాగితం మడిచి చేతిసంచిలో పెట్టుకున్నారు. నన్ను కూర్చోమనలేదు.

ఆ తర్వాత సంఘానికి నేను పత్రాలు రాయడం మానేశాను. ఇప్పుడు కోశాధికారి రాస్తున్నారు.