కిటికీ వైపు తిరిగిన తల

మా పాప నెల ముందుగా పుట్టింది. మండవల్లి దగ్గర చేపల చెరువుల మధ్య మా ఇల్లు. పిల్లకి ఏ అవసరమొచ్చినా డాక్టరు అందుబాటులో ఉండాలని, కొన్నాళ్లు ఏలూరులోనే ఉండమన్నారు. మావారు ఒక మేడ మీద రెండు గదుల వాటా అద్దెకు తీసుకున్నారు. ఆయనకు చెరువు వదిలి రావడానికి వీల్లేదు. మబ్బు పట్టినప్పుడు నీళ్లలో గాలి తగ్గితే చేపలు చచ్చి తేలిపోతాయి. మా అమ్మ నా పెళ్లికి ముందే పోయింది. అత్తగారు మోకాళ్ల నొప్పులతో మెట్లెక్కలేరు. మా ఆడపడుచు వచ్చి కొన్నాళ్లు సాయంగా ఉంది. తన పిల్లల బడి తెరవగానే వెళ్లిపోయింది. ఆ తర్వాత మేడ మీద నేనూ, పాపా.

పాప ఎప్పుడూ కుడివైపే చూసేది. అటు కిటికీ ఉంది, వెలుతురు ఉంది. ఎడమ పక్కన నేను పడుకునేదాన్ని. పిలిచినా, చిటిక వేసినా నా వైపు తిరిగేది కాదు. రోజంతా నేను చూసే మొహం అదొక్కటే. ఆ మొహం కూడా నన్ను చూడకపోతే మనసు అదోలా అయిపోయేది. నా మీద ఇష్టం లేదేమో అనుకునేదాన్ని. ఇప్పుడు తలుచుకుంటే నవ్వొస్తుంది గానీ అప్పుడు నిజంగానే అనుకున్నాను.

ఒకరోజు నీళ్లు పోస్తుంటే కింది వాటాలో ఉండే ఇంటావిడ వచ్చి, పాప తల వెనక తడిమి చూశారు.

"ఏమ్మా, కుడిపక్క అణిగిపోయినట్టు ఉందేంటి?" అన్నారు.

నేనూ చెయ్యి పెట్టి చూశాను. నిజమే. తల వెనక కుడిభాగం చదునుగా ఉంది. తల గుండ్రంగా రావడానికి ఆవాలు నింపిన దిండు కుట్టించి పెట్టమని ఆవిడ చెప్పి కిందికి వెళ్లారు. నేను పాపని ఒళ్లో పెట్టుకుని అలాగే కూర్చుండిపోయాను. అన్నం వండుకోలేదు.

మర్నాడు ఆసుపత్రిలో డాక్టరు గారు పాపని నా ఒళ్లో కూర్చోబెట్టించి పైనుంచి చూశారు. కుడి చెవి రెండోదానికన్నా కాస్త ముందుకు జరిగిందని నాకూ చూపించారు. మెడ అటూ ఇటూ తిప్పారు. ఎడమవైపుకి పూర్తిగా తిరగలేదు.

"మెడలో ఒక కండరం బిగుసుకుందండీ. అందుకే ఒకవైపే తిరుగుతోంది. ఎముక మెత్తగా ఉంటుంది కదా, ఎప్పుడూ ఆనే చోట అణిగిపోయింది. దీనివల్ల మెదడుకి ఏమీ కాదు."

నేను ఆవాల దిండు గురించి అడిగాను.

"వద్దండీ, ఏ దిండూ వద్దు. నిద్రపుచ్చేటప్పుడు మాత్రం వెల్లకిలానే పడుకోబెట్టండి. మెలకువగా ఉన్నప్పుడు మీ కళ్ల ముందే బోర్లా వెయ్యండి. ఎంతసేపు ఎత్తుకుంటే అంత మంచిది."

పెద్ద ఊళ్లలో కొంతమంది పిల్లలకి అణిగిన చోటు సరయ్యేలా తలకి సరిపడా హెల్మెట్ చేయించి పెడతారట. అంత అవసరం వస్తుందో లేదో మళ్లీ చూసి చెబుతానన్నారు. పక్కగదిలో ఫిజియోథెరపీ అమ్మాయి మెడ నెమ్మదిగా సాగదీయడం నేర్పింది.

ఇంటికొచ్చి పాప తల పెట్టే వైపు మార్చాను. ఇప్పుడు కిటికీ ఎడమవైపుకి వచ్చింది. దాని ముందు నేను కూర్చున్నాను. చాప వేసి బోర్లా పడుకోబెడితే పాప మొహం చాపకి ఆనించి ఏడ్చేది. నేనూ ఎదురుగా బోర్లా పడుకుని కబుర్లు చెప్పేదాన్ని. కూర ఏం వండానో, వీధిలో ఎవరు వెళ్లారో, వాళ్ల నాన్న ఫోన్లో ఏమన్నారో అన్నీ చెప్పేదాన్ని. ఆ ఊళ్లో నేను నోరు విప్పి మాట్లాడింది ఎక్కువగా ఆ చాప మీదే.

ఆదివారం మావారు వచ్చారు. చేతులు రెండుసార్లు కడుక్కున్నా చేపల మేత వాసన పోలేదు. పాప తల వెనక అరచేత్తో నెమ్మదిగా తడిమారు.

"దీనికి నొప్పి పుడుతుందంటావా?" అని అడిగారు.

"లేదంటండీ," అన్నాను. ఆయన పొద్దుగూకేలోపు వెళ్లాలి కాబట్టి వెళ్లిపోయారు.

కొన్ని వారాలు గడిచాక, ఒక మధ్యాహ్నం నేను బట్టలు మడత పెడుతూ ఏదో చెబుతున్నాను. పాప ఎడమవైపుకి పూర్తిగా తిరిగి నన్ను చూసింది. తిప్పిన తల తిప్పినట్టే ఉంచి, నా పెదాలనే చూస్తూ ఉండిపోయింది. వెంటనే మావారికి ఫోన్ చేశాను. ఎత్తలేదు. మేత చల్లడానికి పడవ మీద ఉండి ఉంటారు. ఇంటావిడ ద్వారకా తిరుమల వెళ్లారు. చెప్పడానికి ఎవరూ లేక, ఆ సంగతి కూడా పాపకే చెప్పాను.

తర్వాత చూపించినప్పుడు హెల్మెట్ అక్కర్లేదన్నారు డాక్టరు గారు. పాప కూర్చోవడం మొదలుపెట్టాక తల ఇంకా గుండ్రబడింది. చెవి తేడా కొంచెం ఉండిపోయింది. చెబితే తప్ప ఎవరికీ తెలియదు.

మండవల్లి తిరిగి వెళ్లాక ఇంటినిండా మనుషులే. పాప ఒకరి చేతుల్లోంచి ఇంకొకరి చేతుల్లోకి వెళ్లేది. నాకు విశ్రాంతి దొరికిందని అందరూ అన్నారు. వంటింట్లో ఒక్కదాన్నే కూర కలుపుతూ, అలవాటుగా ఏదో చెప్పబోయి పక్కకి చూసేదాన్ని. పాప ముందుగదిలో ఎవరి ఒళ్లోనో నవ్వుతూ ఉండేది.