పది సెకన్ల గేటు

నా మొదటి నవల చదివిన పిల్లలంతా ఏడ్చారట. ఏడిపించే పుస్తకానికి గిరాకీ ఎక్కువ, అందుకే రెండోదీ మూడోదీ కూడా రాయించారు. ఇప్పుడు ఏ బడికి వెళ్ళినా "రాబోయే చెడ్డకాలం కథలు రాసే మేడం" అని పరిచయం చేస్తారు. నేను మాత్రం మా అక్క కూతురికి చెప్పకుండా మార్చిన ఆ ఒక్క అధ్యాయం దగ్గరే ఉండిపోయాను.

కాటన్‌పేటలో అక్కవాళ్ళ మిద్దె మీద మొదలైంది ఆ నవల. అక్క కూతురికప్పుడు పదమూడేళ్ళు. ఇంట్లో మాట్లాడేది తెలుగే అయినా బడిలో కన్నడం, ఇంగ్లీషు. తెలుగు అక్షరాలు రావు. అందుకని నేను తెలుగులో రాసుకున్నది ఆదివారం ఆదివారం చదివి వినిపించేదాన్ని. దానికి నత్తి. మాట తట్టుకున్నప్పుడు నేను అందించేదాన్ని కాదు, కాఫీ తాగుతూ కూర్చునేదాన్ని. ఇంట్లో ఆ ఓపిక నా ఒక్కదానికే ఉందని కాస్త గర్వం కూడా.

నా కథలో ఒక నగరం. గేటు ముందు నిలబడి పది సెకన్లలో పేరూ ఊరూ చెప్పాలి. చెప్పలేనివాళ్ళు బయటే.

"నత్తి ఉండే పిల్లని ఒగదాన్ని పెట్టు పిన్నీ," అంది. నాయిక స్నేహితురాలిగా పెట్టాను. ముగింపు కూడా అదే చెప్పింది. "ఆ పిల్ల మాట అయ్యేదాకా ఈ పిల్ల గేటుకి కాలు అడ్డం పెట్టుకోని ఉండాల."

ఇంగ్లీషులో అయితే వేస్తామన్నారు ప్రచురణకర్తలు. తిరగరాశాను. "గేటు మూసుకుపోనివ్వండి. ఆ అమ్మాయి బయటే చచ్చిపోతే పుస్తకం నిలబడుతుంది," అంది ఎడిటరమ్మ. రెండు రోజులు గింజుకుని ఒప్పేసుకున్నాను. ఇంగ్లీషే కదా, మార్చానని నేను చెప్పక్కర్లేదు, అదే చదువుకుంటుందిలే అనుకున్నాను. సిగ్గులేని మాటే, కానీ అనుకున్నాను.

చదువుకుంది. సర్జాపుర రోడ్డులో ఒక అపార్ట్‌మెంట్‌వాళ్ళు పుస్తకం గురించి మాట్లాడమని నన్ను పిలిస్తే, తనూ వచ్చి చివరి వరసలో కూర్చుంది. ప్రశ్నలు అడగమన్నప్పుడు మైకు తీసుకుంది. మొదటి మాటే తట్టుకుంది. జనం తలలు తిప్పి చూశారు, ఎవరో కిసుక్కున నవ్వారు. నాకు తల తీసేసినట్టయింది. ఆగలేకపోయాను.

"ఆ అమ్మాయిని ఎందుకు చంపాననేగా? కథకి అది అవసరం," అన్నాను నవ్వుతూ. చప్పట్లు కొట్టారు. అది మైకు ఇచ్చేసి కూర్చుంది.

తిరిగొచ్చేటప్పుడు ఆటోలో అడిగాను, "నువ్వు అడగబోయింది అదే కదా?" అని. కాదన్నట్టు తలూపి, రోడ్డు వైపు తిరిగింది. కాలు జారితే తీసుకోవచ్చు గానీ నోరు జారితే తీసుకోలేమని పెద్దవాళ్ళు ఊరికే అనలేదు.

ఇప్పుడది ఉద్యోగం చేస్తూ మడివాళలో పీజీ హాస్టల్లో ఉంటోంది. నేను ఫోన్ చేస్తే కట్ చేసి, "ఏం పిన్నీ?" అని మెసేజ్ పెడుతుంది. ఆప్యాయంగానే రాస్తుంది. దాని గొంతు విని ఎన్నాళ్ళయిందో.

మొన్న అక్కతో ఆ మాటే అన్నాను.

"అందరితో గంటలు గంటలు ఫోన్లో మాట్లాడతా ఉంటాదే, నీతో మాట్లాడదా?" అని అక్క ఆశ్చర్యపోయింది.

"పనిలో ఉంటుందేమోలే," అన్నాను.