మాటలన్నీ పాటలు చేసిన మేస్త్రీ

సెలవు ముగించుకొని మొన్న ఈ ఎడారి దేశంలోని సహం కూలీల క్యాంపుకు తిరిగొచ్చిన మా ప్లంబరు, పెట్టె కింద పెట్టకముందే చెప్పాడు. “మన మేస్త్రీ పోయిండే. ఊళ్లె పొలంకాడ కూసున్నోడు కూసున్నట్టే పోయిండట.”

స్టోరులో ఆ పూట రాయాల్సిన లెక్క రాశాను. తర్వాత అదే పుస్తకం వెనక నుంచి తిప్పి ఇది మొదలుపెట్టాను.

ఆయన మా కంపెనీలో తాపీ మేస్త్రీ. ఊళ్లో మాత్రం చిరుతల ఆట నేర్పే గురువు. చేతుల్లో చిరుతలనే కర్రముక్కలతో తాళం వేస్తూ, గుండ్రంగా తిరుగుతూ పాడే ఆట అది. ముందువాడు ఏది పాడితే వెనకవాళ్లు దాన్ని అలాగే అందుకోవాలి. నేను స్టోరుకీపర్ని. నా బడి మూడో తరగతితో ఆగింది. మిగతా చదువు పాత పత్రికలు చూసి నేర్చుకున్నదే. నాకు నత్తి. అందుకని నలుగురిలో నోరు తెరిచేవాణ్ణి కాదు.

తొంభైల మొదట్లో ఎవరో ఇంటి నుంచి ఒక నాటకం పుస్తకం తెచ్చారు. ప్రేమించిన పిల్ల కోసం ఒకడు వాళ్లింట్లో వంటవాడిగా చేరతాడు. తిండిపోతు తండ్రి ఆ వంట వదులుకోలేక చివరికి పిల్లనిస్తాడు. పుస్తకమంతా మాటలే. నేను ఆగి ఆగి చదివి వినిపిస్తే మేస్త్రీ ఓపికగా విన్నాడు.

“కత మంచిగున్నది. గని మాట్లాడుకునేదానికి నాటకమెందుకు తమ్మీ? రూముల మాట్లాడుకుంటలేమా?”

మూడు నెలల పాటు ప్రతి శుక్రవారం సెలవునాడు ఆయన ఒక్కో మాటనూ పాటగా కట్టాడు. ఆయనకు రాయడం రాదు. ఆయన పాడితే నేను రాశాను. ప్రేమలేఖ కాస్తా వంటపాట అయింది:

“ఉప్పు నీ చూపాయె, కారం నా బతుకాయె,
ఉడికేటి పప్పులో మునిగె నా మనసు.”

వడ్రంగులు సెంట్రింగు చెక్కలు చిత్రికపట్టి చిరుతలు చేశారు. నాయిక వేషం కడ్డీలు కట్టే హైదరాబాదీకి పడింది. మీసం తియ్యనని, అది పరువు సంగతని మొండికేశాడతను. “ఇజ్జత్ కా సవాల్ హై, మేస్త్రీ!”

“తియ్యకు. ప్రేమించెటోనికి మీసం కనబడదు,” అన్నాడు మేస్త్రీ.

ఆటకు రెండు రోజుల ముందు, నాయకుడి వేషగాణ్ణి కంపెనీ రుస్తాఖ్ సైటుకు పంపేసింది. నాటకమంతా నోటికి వచ్చినవాణ్ణి నేనొక్కణ్ణే.

“వేషం నువ్వే కట్టు,” అన్నాడు మేస్త్రీ.

“నా నో... నోరు ఎరుకే గదన్నా.”

“పాటల నత్తి వస్తదా నీకు? నేను చెప్తుంటె ఎనుక కూనిరాగం తీస్తవు. నేను ఇంటలేననుకున్నవా?”

నిజమే. పాడుతున్నట్టు నాకే తెలియదు. కానీ నాటకంలో ఒక్క మాటను ఆయన మాటగానే ఉంచాడు. చివర్లో వంటవాడు తండ్రిని అడిగే మాట: “బిడ్డను నాకియ్యి మామా.” దాన్నీ పాట చెయ్యమని బతిమాలాను.

“పిల్లనడిగెటప్పుడు మనిషి పాడడు తమ్మీ, అడుగుతడు.”

శుక్రవారం మధ్యాహ్నం, నీళ్ల ట్యాంకరు నీడలో ఆట. మావాళ్లే కాక మలయాళీలు, పాకిస్తానీ డ్రైవర్లు కూడా వచ్చి కూర్చున్నారు. పాటలన్నీ నీళ్లలా సాగిపోయాయి. ఆ మాట దగ్గరికి వచ్చాను.

“బి... బి... బి...”

పారిపోదామనుకున్నాను. ఇంతలో నా వెనక పదిహేనుమంది, మూడు నెలల అలవాటు కొద్దీ, చిరుతలు కొట్టి ఒక్క గొంతుతో అందుకున్నారు: “బి! బి! బి!”

అది కూడా పాటే అనుకున్నారు వాళ్లు. జనం గొల్లున నవ్వారు. మేస్త్రీ ఆపుతాడని చూశాను. ఆపలేదు. తనూ చిరుతలు అందుకొని వరసను తిప్పాడు. ఒక చుట్టు, రెండు చుట్లు. మూడో చుట్టులో తాళం మీద కాలు పడి, మాట దానంతటదే బయటికొచ్చింది. “బిడ్డను నాకియ్యి మామా!”

“ఫిర్ సే! ఫిర్ సే!” అని, మళ్లీ కావాలని అరిచాడు తెలుగు ముక్క రాని ఒక డ్రైవరు.

మేస్త్రీ నన్ను పొగడలేదు. “ఆ ముక్క గట్లనే ఉండనీ. నేను కట్టినదానికంటె మంచిగున్నది,” అన్నాడంతే. తర్వాత రుస్తాఖ్‌లో ఆడినప్పుడు అసలు వేషగాడు నా దగ్గరికి వచ్చాడు. “ఆ ‘బి’ కాడ నువ్వెట్ల ఆగినవో జెర నేర్పు,” అన్నాడు. నా నోటి నుంచి నేర్చుకోవడానికి ఒక మనిషి రావడం అదే మొదలు. మేస్త్రీకి నేను రుణపడింది ఇంతేనంటే తప్పు.

ఆ తొలి ఆట అయిన మర్నాడు డ్యూటీలో మేస్త్రీ స్టోరు కిటికీ దగ్గరికి వచ్చి, సిమెంటు ఎన్ని సంచులున్నాయని అడిగాడు. “ప... ప...” అన్నాను. నా మాటలు అందరూ తామే పూర్తి చేసి వెళ్లేవారు. అలాగే లైనులో ఎవరో “పది!” అన్నారు. మేస్త్రీ వెనక్కి తిరగకుండానే, ఆగమన్నట్టు చెయ్యి ఎత్తాడు. నెత్తిన ఎండ, కనుబొమల మీద సిమెంటు దుమ్ము. కిటికీ మీద మోచేయి ఆనించి, ఏ తొందరా లేనట్టు, నా ముఖంలోకి చూస్తూ నిలబడ్డాడు.