మూగచెలకలో విచారణ

తనిఖీ అధికారి వచ్చే రోజు పొద్దున కార్మికులకు ఇయర్ ప్లగ్గులు పంచేవారు. ఆయన జీపు తిరిగి గేటు దాటి వెళ్లగానే వెనక్కి తీసుకునేవారు. పాశమైలారంలోని ఆ రేకుల ఫ్యాక్టరీలో నర్సన్న ఇరవై ఏళ్లు ప్రెస్సు మీద పనిచేశాడు. ఆ మోతకు రెండు చెవులూ పోయాయి. “వయసు మీద పడింది” అని పనిలోంచి తీసేశారు. అప్పటికి అతనికి నలభై ఆరేళ్లు. అందరికీ జరిగేదే కదా అనుకుని సైకిలెక్కి ఇంటికొచ్చాడు.

ఊరి చివర అతనికి కొంత మెట్ట భూమి ఉంది. దాన్ని మూగచెలక అంటారు. అక్కడ పెద్ద చప్పుడు పుట్టినచోటే చచ్చిపోతుంది, చిన్న చప్పుడు పెరుగుతుంది. డప్పు కొడితే చేతులు ఆడటమే కనబడుతుంది. ఎండుటాకు మీద చీమ నడిస్తే గట్టు మీదివాళ్లు తిరిగి చూస్తారు. ఆ చెలకలో ఎడ్లను అదిలించాలంటే గుసగుసలాడాలని ఊళ్లో చిన్న పిల్లలకూ తెలుసు.

చెవులు పోయాక నర్సన్నకు మనిషి మాట వినిపించేది అక్కడొక్కచోటే. ఇంట్లో సైగలతో సరిపెట్టుకునే భార్య పోశమ్మ, రోజూ కంది సాళ్ల మధ్య అతని పక్కన కూర్చుని, పెదవి కదిపీ కదపనట్టు మాట్లాడేది.

“పొద్దుగాల చాయల శక్కర లేదంటే తలకాయ ఊపినవ్. ఏం సమజైంది నీకు?”

“చాయ మంచిగుందా అని అడిగినవనుకున్న.”

“మంచిగనే ఉంటది. ఇగ రోజూ గట్లనే తాగు.”

నర్సన్న గొంతు తగ్గించగలిగేది కూడా ఆమె దగ్గరే. కోపమొస్తే ప్రెస్సు ముందర అరిచిన గొంతే వచ్చేది.

నిరుడు ఆ భూమి తీసుకుని రసాయన వ్యర్థాల గోదాము కడతామని ఒక కంపెనీ వచ్చింది. భూమి తీసుకునే ముందు ఊరివాళ్ల అభ్యంతరాలు వినాలన్నది రూలు. బడి ఆవరణలో విందామన్నారు అధికారులు. నర్సన్నే పట్టుబట్టాడు.

“చెలకలనే పెట్టుండ్రి సారూ. ఒక్కపారి మీ చెవులతోని ఇనుండ్రి. ఇన్నంక ఎట్ల తీస్కుంటరో సూస్త.”

ఊరంతా సరేనంది. ఆ రోజు తమకు కోపం వస్తుందని మాత్రం ఎవరూ అనుకోలేదు.

షామియానా కింద కంపెనీ మనిషి లేచి, “ఈ రాళ్ల భూమిలో ఏం పండుతుంది? మీ పిల్లలకు వాచ్‌మన్ కొలువులిస్తాం” అన్నాడు, ఎంతో మెత్తగా. ఆ మెత్తటి గొంతు చెలకంతా మోగింది. జనం ఒక్కసారిగా లేచారు. నోళ్లు తెరుచుకున్నాయి, చేతులు లేచాయి. మాట ఒక్కటీ బయటికి రాలేదు.

నర్సన్న ముందుకు నడిచాడు. పోశమ్మ అతని తువ్వాలు పట్టి లాగింది.

“ఒర్రకయ్యా. మెల్లగ చెప్పు, నీకు దండం పెడ్త.”

ఆ మాట అతనికి స్పష్టంగా వినిపించింది. కానీ అప్పటికే ఒళ్లు మండిపోతోంది. ఈ భూమి పోతే నా పెండ్లాం మాట నాకు ఇనరాదు అని అరిచాడు. తన గొంతు తనకే వినబడక ఇంకా గట్టిగా అరిచాడు. మెడ నరాలు ఉబ్బాయి. అధికారి కాసేపు అతన్ని చూసి, గుమాస్తా వైపు వంగి, “అభ్యంతరాలేవీ వినిపించలేదని రాయి” అన్నాడు. ఆ ముక్క మాత్రం ఊరందరికీ వినిపించింది.

కంది కోతకు రాకముందే జేసీబీలు దిగాయి. మొదట్లో వాటికి చప్పుడే లేదు. పునాదులు లోతుగా తవ్విన నాడు చెలక గుణం పోయింది. మోత ఊరంతా వినబడింది. గట్టు మీద నిలబడ్డ నర్సన్నకు ఏమీ వినబడలేదు. పక్కనే పోశమ్మ పెదవులు కదిలాయి. అతను తలకాయ ఊపాడు.

ఇప్పుడామె అతనితో మాట్లాడటమే మానేసింది. “ఎవలకు చెప్పాలె?” అంటుంది అడిగినవాళ్లతో.

ఆ గోదామును పెంచడానికి వచ్చే నెల మళ్లీ విచారణ ఉంది, ఈసారి బడి ఆవరణలో. ఊళ్లో సగం మంది రామంటున్నారు. నర్సన్న ఎటూ రాడు. గెలుస్తామన్న ఆశ ఎవరికీ పెద్దగా లేదు. అయినా మీరు రండి. చెప్పాల్సింది చెప్పండి, కాగితం మీద కూడా రాసివ్వండి. గుమాస్తా దాన్ని రికార్డులోకి ఎక్కించి, చదివి వినిపించేదాకా కుర్చీలోంచి లేవకండి.