జమ్మలమడుగులో మేం తిరగేసి చూసిన చీర

నేను చేసిన తెలివితక్కువ పనులన్నిటినీ వరుసగా నిలబెడితే, ఆ వరుస ప్రొద్దుటూరులో మా ఇంటి గుమ్మం దగ్గర మొదలై చాపాడు దాకా పోతుంది. ఆ వరుసకు ముందు నిలబడి జెండా పట్టుకునేది మాత్రం జమ్మలమడుగులో జరిగింది. ఇరవై నాలుగేళ్ల వయసులో, పట్టపగలు, పన్నెండుమంది పెద్దవాళ్లను వెంటబెట్టుకుని పోయి, ముక్కూ మొహం తెలియని ఒక ఆడపిల్ల పెళ్లికి అడ్డంగా కూర్చున్నాను. కూర్చోవడమే కాదు, బజ్జీలు కూడా తిన్నాను. మీరు తీరిగ్గా నవ్వుకోవచ్చు, నేనేమీ అనుకోను. అనుకునే హక్కు నాకు ఆ రోజే పోయింది.

అప్పట్లో నాకు డిగ్రీ అయింది, ఉద్యోగం కాలేదు. పొద్దస్తమానం ఫోను చూస్తూ పడుకునేవాణ్ణి. ఎక్కడెక్కడి జనమో బస్సులెక్కి, కుండలు చేసే ఊరికీ చాపలల్లే ఊరికీ పోయి, నోరు తెరుచుకుని చూసి రావడం ఆ ఫోనులోనే చూశాను. మనకేం తక్కువ అనిపించింది. పొద్దున ప్రొద్దుటూరు బంగారుపని, మధ్యాహ్నం జమ్మలమడుగు మగ్గాలు, సాయంత్రం పులివెందులలో వెదురుబుట్టలు. 'చేతిపనుల ఊర్లు, ఒక్కరోజు యాత్ర, అనుభవజ్ఞుడైన గైడుతో' అని ఫోనులో ప్రకటన పెట్టాను. ఆ అనుభవజ్ఞుడు నేనే. బంగారం పచ్చగా ఉంటుందని తెలుసు. మగ్గంలోంచి చీర వస్తుందని తెలుసు. బుట్టల సంగతంటారా, చిన్నప్పుడు మా జేజి, అంటే మా అవ్వ, ఒకదాన్ని నా మీదికి విసిరింది. నా అనుభవమంతా అంతే. ఇల్లలకగానే పండగ కాదంటారు. నేను ఇల్లు కూడా అలకలేదు, చీపురు కొనగానే చుట్టాలను పిలిచాను.

ముందుగా ఒకసారి ఆ ఊర్లకు పోయి, మనుషులను కలిసి, ఇళ్లు చూసి రమ్మని మా అమ్మ నాలుగుసార్లు చెప్పింది. జమ్మలమడుగులో నాకు తెలియని సందు లేదని కోతలు కోశాను. నిజానికి నాకు తెలిసింది బస్టాండు ఒక్కటే. ఎవరినో అడిగి, ఓబులేసు అనే నేతపనివాడి నంబరు సంపాదించి ఫోను చేశాను. పదకొండు గంటలకు పన్నెండుమందిమి వస్తామన్నాను. రండి నాయనా, మగ్గాల వీధిలో ఓబులేసు ఇల్లంటే ఎవరైనా చూపిస్తారు, మధ్యాహ్నం భోజనం మా ఇంట్లోనే అన్నాడు. దానితో నా ఏర్పాట్లు పూర్తయ్యాయి.

వచ్చినవాళ్లు తెనాలివాళ్లు. అందరూ రిటైరైన ఉద్యోగులే. వాళ్లకు పెద్ద సరోజినిగారని ఒక డ్రాయింగు టీచరు. మెడలో అద్దాలు గొలుసుకు వేలాడుతుండేవి. దేన్నైనా అద్దాలు పెట్టుకుని ఒకసారి, తీసేసి ఒకసారి చూసేది. నన్నూ అలాగే రెండుసార్లు చూసింది.

ప్రొద్దుటూరులో బంగారుపని చేసే ఆచారి దగ్గర నా విద్వత్తు మొదలుపెట్టాను. ఈ పని మా ఊరికి ఎలా వచ్చిందో, రాజులు ఏనుగుల మీద వచ్చి ఇక్కడ నగలు చేయించుకునేవారని, ఆ ఏనుగులు ఏ సందులో ఆగేవో కూడా చెప్పాను. ఆచారి తలెత్తకుండానే, ఊదుతున్న గొట్టం నోట్లోంచి తీసి, ఆ సందులో ఆటో కూడా పట్టదు కదప్పా అన్నాడు. వచ్చినవాళ్లు మర్యాదస్తులు, దగ్గినట్టు నవ్వారు. అక్కడే నోరు కట్టేసుకోవాల్సింది.

జమ్మలమడుగులో మగ్గాల వీధి మొదట్లో బస్సు ఆపి, ఓబులేసు ఇల్లెక్కడని ఒకామెను అడిగాను. ఆమె వేలు చూపించింది. ఆ వీధిలో ఓబులేసులు ఇద్దరని ఆమె చెప్పలేదు, నేను అడగలేదు. ఆ వేలు చూపించిన ఇంటి ముందు పెద్ద ముగ్గు, గుమ్మానికి కొత్త మామిడాకులు. నడివయసు మనిషి ఒకడు ఇస్త్రీ చొక్కాలో వాకిట్లో నిలబడి మా బస్సు కోసమే ఎదురుచూస్తున్నట్టు కనిపించాడు.

"ఓబులేసు మామ ఇల్లు ఇదేనా?" అన్నాను.

"ఇదేనప్పా. మీకోసరమే చూస్తాండాం. ఎంతమంది వచ్చినారు?"

"పన్నెండుమంది. నేను కాక."

"శానా సంతోసం. రాండి, లోపలికి రాండి."

ఇంతకన్నా ఏం కావాలి చెప్పండి? కాళ్లకు నీళ్లిచ్చారు. ఆడవాళ్లకు కుంకుమ పెట్టారు. నడవలో కొత్త చాపలు, వాటి మీద దుప్పట్లు. గోడ అవతలనుంచి మగ్గం చప్పుడు టకటకమని వినిపిస్తోంది. మా సీమలో చేతిపనివాళ్లు అతిథులను ఇలాగే ఆదరిస్తారని నేను తెనాలివాళ్లకు గొంతు పెంచి చెప్పాను. నన్ను మధ్యలో కూర్చోమని ఓబులేసు ఒకటే బలవంతం. గైడుకు ఇంత గౌరవమా అని పొంగిపోయి, కొత్త తెల్లచొక్కా సర్దుకుని కూర్చున్నాను.

కజ్జికాయలు వచ్చాయి. మిరపకాయ బజ్జీలు వచ్చాయి. కేసరి వచ్చింది. తిన్నింటి వాసాలు లెక్కబెట్టకూడదంటారు. మేం వాసాల జోలికి పోలేదు, పళ్లేలే ఖాళీ చేశాం. నేను మూడోసారి బజ్జీ అందుకున్నప్పుడు ఓబులేసు భార్య తలుపు చాటునుంచి నన్ను కొంచెం దిగులుగా చూసింది. ఆ దిగులు బజ్జీల గురించి అనుకున్నాను.

అప్పుడు ఒక అమ్మాయి కాఫీ గ్లాసులు పెట్టిన పళ్లెంతో వచ్చింది. పేరు శ్రావణి. ఆవపువ్వు రంగు చీర, ఎర్రటి అంచు. చీర కట్టి చూపిస్తున్నారని సరోజినిగారికి చెవిలో చెప్పాను. అమ్మాయి తల పైకెత్తి నన్ను ఒక్క క్షణం చూసింది. పళ్లెంలో గ్లాసులు గలగలమన్నాయి. సిగ్గనుకున్నాను.

సరోజినిగారు అద్దాలు పెట్టుకుని, పైట చెంగు పట్టుకుని తిరగేసి చూసింది. అద్దాలు తీసి మళ్లీ చూసింది.

"చేతిపనేనా అండీ, మిషను పనా?" అంది.

"రెండూ వచ్చమ్మా," అన్నాడు ఓబులేసు. "మిషనుకుట్టు గూడా నేర్పిచ్చినాం."

"చాలా బావుంది. ఎన్నాళ్లు పట్టింది?"

ఓబులేసు ఆమె వంకా భార్య వంకా చూశాడు. "అందరికీ పట్టేదే గదమ్మా. తొమ్మిది నెల్లు."

"తొమ్మిది నెలలా? అందుకే ఇంత పొందికగా వచ్చింది."

ఆయనకు ఈ పొగడ్త ఎటు తీసుకోవాలో అర్థం కాలేదు. ఇలాంటి సమయంలో బుద్ధున్న గైడైతే ఏదో తేడా ఉందని పసిగడతాడు. నేను నాలుగో బజ్జీ పసిగట్టాను. ఇంతలో వెనకనుంచి ఒకావిడ, తనకు పసుపు నప్పదనీ, ఇదే రకంలో వేరే రంగుది ఇంకొకటి ఉంటే చూపించమనీ అడిగింది.

ఓబులేసు మొహం నల్లబడింది. "చిన్నది ఉండాదమ్మా," అన్నాడు మెల్లగా. "అది ఇంకా ఇంటరు చదువుతాండాది. పెద్దదాన్ని ఇడ్సిపెట్టి దాన్ని అడగడం బాగల్యా."

సరోజినిగారు చెంగు వదలకుండానే తలెత్తింది.

"ఎవరండీ చదువుతోంది?" అంది సరోజినిగారు.

"మీరు సింహాద్రిపురమోళ్లు గదా?" అన్నాడు ఓబులేసు.

"కాదండీ, తెనాలి. మగ్గాలు చూడ్డానికొచ్చాం."

అప్పుడు అందరూ కలిసి నా వైపు చూశారు. ఆ మధ్య స్థానంలో, ఆ తెల్లచొక్కాలో నేను ఎవరిలా కనిపిస్తున్నానో నాకు అప్పుడు తెలిసింది. బజ్జీ చేతిలోనే ఉంది. మింగలేను, పళ్లెంలో పెట్టలేను. చెప్పాల్సిన నాలుగు ముక్కలూ తడబడుతూ చెప్పాను. ఓబులేసు అరవలేదు, తిట్టలేదు. తలపట్టుకుని చాప మీద కూలబడ్డాడు. అది తిట్టుకన్నా ఎక్కువ తగిలింది. వాళ్లు ఎదురుచూస్తున్నది సింహాద్రిపురం నుంచి శ్రావణి పెళ్లిచూపులకు వచ్చేవాళ్ల కోసమట. ఆ పెళ్లికొడుకు తండ్రి ఇప్పటికే నలుగురి ఇళ్లల్లో తిని, కబురు చెప్తామని పోయిన మనిషట. ఈ సంబంధమైనా నిలవాలని ఇంటిల్లిపాదీ మొక్కుకున్నారట. ఇప్పుడు పళ్లేలు ఖాళీ, నడవ నిండా పరాయివాళ్లు.

ఒక్క శ్రావణి మాత్రం గోడకు చేరబడి, పెద్ద బరువు దించుకున్నట్టు ఊపిరి వదిలింది.

"ఫొటోలో ఉండే మనిషికీ ఈయనకూ శానా తేడా ఉంటే, మోసపోయినామనుకున్నా నాయనా," అంది.

నన్ను చాలామంది చాలాసార్లు వద్దనుకున్నారు గానీ, ఇంత హాయిగా ఎవరూ అనుకోలేదు.

అంతలో వాకిట్లో కారు ఆగింది. సింహాద్రిపురంవాళ్లు దిగారు. పెళ్లికొడుకు నిజంగానే ఫొటోలో ఉన్నట్టున్నాడు. నాకూ నచ్చాడు. అతని తండ్రి గుమ్మంలోనే ఆగి, బస్సును చూసి, నడవలోని పన్నెండుమందినీ చూసి, మధ్యలో నన్ను చూసి, వీళ్లెవరని అడిగాడు. నేను నిజం చెప్పడానికి నోరు తెరిచాను. ఓబులేసు నా కాలి బొటనవేలు తొక్కాడు.

సరోజినిగారు అప్పటికీ ఆ చీర చెంగు వదల్లేదు. ఆమె అబద్ధమాడే మనిషి కాదు.

"మేం తెనాలి నుంచి చూడ్డానికొచ్చామండీ," అంది. "మాకు బాగా నచ్చింది. ఇస్తామంటే ఇప్పుడే తీసుకెళ్లేలా ఉన్నాం."

పెద్దాయన మళ్లీ నా తెల్లచొక్కా వైపు చూశాడు. కబురు చెప్తామనే మనిషి నిలబడిన చోటే భార్యతో రెండు మాటలు, కొడుకుతో ఒక మాట మాట్లాడాడు. కొడుకు గోడ దగ్గర నిలబడ్డ శ్రావణిని చూశాడు, ఆ అమ్మాయి ఈసారి గ్లాసులు గలగలమనకుండా తల ఊపింది. కూర్చోకముందే తాంబూలాలు ఎప్పుడు పుచ్చుకుందామని పెద్దాయన అడిగాడు.

సరిగ్గా అప్పుడే పక్కింటినుంచి రెండో ఓబులేసు, అంటే మగ్గం ఓబులేసు, భుజాన తువ్వాలుతో వచ్చాడు. పొద్దున్నుంచీ మగ్గం సిద్ధం చేసి, పన్నెండుమందికి వండించి, బస్సు చప్పుడు విని కూడా ఎవరూ రాలేదేమని వెతుక్కుంటూ వచ్చాడు. సంగతి చెవిలో చెబితే అతను నన్ను ఒక్క మాటే అన్నాడు. "గోడ అవతల్నే ఉండానే అప్పా. ఒగ కేకేసింటే సరిపొయ్యేది." ఆ మాటతో నేను పొడవులో సగమయ్యాను.

చివరికి మా భోజనం గోడ దాటి సింహాద్రిపురంవాళ్లకు పోయింది. వాళ్ల ఫలహారం అప్పటికే మా కడుపుల్లో ఉంది. తెనాలివాళ్లు సాయంత్రం దాకా మగ్గం దగ్గరే కూర్చున్నారు. మగ్గం ఓబులేసు ఒక్కొక్క పోగూ చూపిస్తూ చెబుతుంటే సరోజినిగారు పుస్తకంలో బొమ్మలు గీసుకుంది. నేను ఒక్క ఏనుగు గురించి కూడా మాట్లాడలేదు. పులివెందుల బుట్టలు ఆ రోజు మమ్మల్ని చూడలేదు.

రెండు నెలల తర్వాత శ్రావణి పెళ్లికి నాకూ పత్రిక వచ్చింది. పోయాను. భోజనాల దగ్గర పెళ్లికొడుకు తండ్రి నన్ను దూరంనుంచే గుర్తుపట్టి, వచ్చి రెండు చేతులూ పట్టుకున్నాడు. కళ్లల్లో నిజమైన జాలి.

"బాధపడొద్దు నాయనా. మేం ఒగ అడుగు ముందరేసినాం, అంతే. నీకు ఇంతకన్నా మంచి పిల్ల దొరుకుతాది," అని తన చుట్టాలందరికీ నన్ను పరిచయం చేశాడు. వాళ్లూ వరుసగా ఓదార్చారు. ఒక ముసలామె నా విస్తరిలో ఇంకో లడ్డు వేసి, మనసు గట్టి చేసుకోమంది. నిజం చెబితే ఆ పెళ్లిపందిట్లో ఓబులేసు గతేమిటి? తల వంచుకుని, పిల్ల దక్కనివాడిలాగే లడ్డు తిన్నాను. ఇప్పటికీ మా అమ్మ ఆ వైపు సంబంధం కదిపితే, ఆ తెనాలి బస్సు పిల్లగాడా, పాపం అంటారట.

కాబట్టి పెన్నమ్మ సాక్షిగా, నవగ్రహాల సాక్షిగా, ఆ రోజు చేతిలో మిగిలిపోయిన సగం బజ్జీ సాక్షిగా ఇందుమూలంగా ప్రమాణం చేస్తున్నాను. ఇకమీదట ఏ ఇంటి గడప తొక్కినా, కాళ్లకు నీళ్లిచ్చినా, కుంకుమ పెట్టినా, మధ్యలో కూర్చోబెట్టినా, ఇవి మగ్గం చూపులో పెళ్లి చూపులో మూడుసార్లు అడిగి తెలుసుకున్నాకే బజ్జీ ముట్టుకుంటాను. కజ్జికాయల విషయం మాత్రం గట్టిగా చెప్పలేను.